కౌంటర్ వేశాం సరే, ప్రతిదావా వేశామా?

శ్రోతలకు నమస్కారం.

పొలం తగాదాలో కోర్టు నోటీసు అందుకున్నవారిని అడిగితే "మా వకీలుగారు కౌంటర్ వేశారండీ" అంటారు. ఆ ఒక్క మాట దగ్గరే చాలామంది పొరబడతారు. వాది తాత్కాలిక ఇంజంక్షన్ కోసం, అంటే మనల్ని అడ్డు రాకుండా ఆపే ఉత్తర్వు కోసం పెట్టిన ఐ.ఏ.కి, అంటే మధ్యంతర అర్జీకి, మనమిచ్చే అఫిడవిట్‌ని కౌంటర్ అంటారు. అసలు దావాకిచ్చేది జవాబుదావా. ఇవి రెండూ వాది కోరింది ఇవ్వొద్దని చెప్పేవే. "ఆ భూమి నాది, నాకు స్వాధీనం ఇప్పించండి" అని మనం తిరిగి అడగాలంటే కౌంటర్ క్లెయిమ్, అంటే ప్రతిదావా వేయాలి. అది లేకపోతే వాది దావాని కోర్టు కొట్టేసినా భూమి అతని సాగులోనే ఉండిపోతుంది.

సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 8వ ఆర్డరు, 6ఎ రూలు దీనికి ఆధారం. 1976 సవరణతో వచ్చి, 1977 ఫిబ్రవరి 1 నుంచి అమల్లో ఉంది. మన ఫిర్యాదుకు కారణం జవాబుదావా వేసేలోపు, లేదా దాని గడువు తీరేలోపు పుట్టి ఉండాలంటుంది ఆ రూలు. జవాబుదావాకు సమన్లు అందిన నాటి నుంచి 30 రోజులు, కోర్టు ఒప్పుకుంటే 90 రోజుల దాకా గడువు. గమనించండి, కారణం ఎప్పుడు పుట్టాలో చెప్పింది గానీ ప్రతిదావా ఎప్పటిలోగా వేయాలో చెప్పలేదు. ఈ ఖాళీ మీద కోర్టుల్లో ఏళ్ల తరబడి వాదనలు నడిచాయి.

2019 నవంబరు 19న సుప్రీంకోర్టు ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం దీన్ని తేల్చింది. మన జస్టిస్ ఎన్.వి. రమణ అందులో ఒకరు. జవాబుదావా వేసేశాక కూడా ప్రతిదావా వేయొచ్చు, కానీ కోర్టు ఇష్యూలు, అంటే వివాదాంశాలు, ఖరారు చేసేలోపే. అదీ హక్కుగా కాదు, కోర్టు విచక్షణ మీద. ఎంత ఆలస్యమైంది, ఎందుకైంది, అవతలివారికి నష్టమా, రెండు తగాదాలకూ మూలం ఒకటేనా అని చూస్తుంది.

దీన్ని విని "ఇష్యూల దాకా టైముందిలే" అనుకుంటేనే మునిగేది. కాలపరిమితి చట్టం లెక్క వేరుగా నడుస్తుంటుంది. ఒక ఉదాహరణ. పక్క రైతు 2006 జూన్‌లో మీ గట్టు చెరిపి అయిదు గుంటలు కలుపుకొని, తనదేనంటూ బాహాటంగా దున్నుకుంటున్నాడనుకుందాం. 2016లో అతనే ముందు కోర్టుకెక్కి, మీరు అడ్డు రాకుండా ఇంజంక్షన్ అడిగాడు. మీరు జవాబుదావా వేసి ఊరుకున్నారు. హక్కును బట్టి స్వాధీనం అడగడానికి 12 ఏళ్లు, అవి 2018 జూన్‌తో నిండాయి. డిసెంబరులో, ఇష్యూలింకా కాలేదు కదా అని ప్రతిదావా వేస్తే ఆరు నెలలు దాటిపోయినట్టే. వాది దావా వేసిన తేదీ మీకు పనికిరాదు. కాలపరిమితి చట్టం మూడో సెక్షను ప్రకారం ప్రతిదావా కోర్టులో పడిన తేదీయే లెక్క. ఆలస్యం మన్నించమని అడిగే అయిదో సెక్షను అప్పీళ్లకు, అర్జీలకే గానీ దావాలకు వర్తించదు. పైగా 27వ సెక్షను కింద గడువుతోపాటు ఆ భూమి మీద హక్కే పోతుంది. రిజిస్టరైన దస్తావేజు రద్దుకు, ఒప్పందం అమలుకు అయితే మూడేళ్లే.

ఆలస్యమైతే అనుమతి కోరుతూ ఐ.ఏ. వేయాలి. "పొరపాటున జరిగింది" అన్న ఒక్క వాక్యంతో పని జరగదు. సమన్లు అందిన తేదీ, జవాబుదావా తేదీ, సబ్ రిజిస్ట్రార్ కార్యాలయంలో నకలుకు దరఖాస్తు పెట్టిన రోజు, చేతికొచ్చిన రోజు, ఇలా మధ్యలో ప్రతి ఖాళీకీ కారణం రాయాలి. ప్రతిదావాను చట్టం దావాతో సమానంగానే చూస్తుంది. కాబట్టి విలువ కట్టి కోర్టు ఫీజు చెల్లించాలి. సర్వే నంబరు, విస్తీర్ణం, నాలుగు హద్దులతో సొంత షెడ్యూలు, అంటే ఆస్తి వివరాల పట్టిక, పెట్టాలి. వాది షెడ్యూలునే దించేస్తే తర్వాత కోర్టు పంపే అడ్వకేట్ కమిషనర్ కొలతకొచ్చినప్పుడు, మీరడిగిన అయిదు గుంటలు ఎక్కడున్నాయో చూపలేరు. ప్రతిదావా వాది మీదే ఉండాలి. తోటి ప్రతివాది ఒక్కడి మీదే అయితే చెల్లదు.

ప్రతిదావా వేశాక వాది భయపడి తన దావా వెనక్కి తీసుకున్నా మీది ఆగదు, 6డి రూలు దాన్ని కాపాడుతుంది.

ఇష్యూలు అయిపోయాయా, లేక ఆస్తి విలువ ఆ కోర్టు పరిధి దాటుతోందా? అప్పుడు విడిగా దావా వేసుకోవాలి, అదీ కాలపరిమితి మిగిలి ఉంటేనే. రెండూ వేర్వేరు కోర్టుల్లో పడితే సివిల్ ప్రొసీజర్ కోడ్ 24వ సెక్షను కింద జిల్లా కోర్టులో బదిలీ అర్జీ పెట్టి, రెంటినీ ఒకే చోట కలిపి విచారించమని అడగవచ్చు. అనుమతి కోరిన ఐ.ఏ. మీద వాయిదాలు నడుస్తున్నాయని మాత్రం ఈ విడి దావా ఆపకండి. ఐ.ఏ. కొట్టేసే రోజుకు మూడేళ్లో పన్నెండేళ్లో నిండిపోతే, రెండో దావాకూ దారి ఉండదు.