నచ్చిందంటే ఏ నచ్చడం?

[దృశ్యం: విజయవాడ సత్యనారాయణపురంలో ఒక ఇంటి ముందుగది. పెళ్లిచూపులు. బల్ల మీద కాఫీ గ్లాసులు, మిఠాయి పళ్లెం.]

వ్యాఖ్యానం: అరగంట గడిచింది. "ఏం బాబూ, అమ్మాయి నచ్చిందా?" అని పెద్దాయన అడిగారు. లోపలి గదిలో మేనత్త అమ్మాయిని అదే అడుగుతోంది. ఇద్దరూ తల ఊపారు. ముఖం నచ్చిందా, మాటతీరు నచ్చిందా, పక్కన కూర్చుంటే బెరుకు తగ్గిందా అని ఎవరూ అడగలేదు. వాళ్లు కూడా తమను తాము ప్రశ్నించుకోలేదు.

మన భాషకు ఈ విషయంలో మాటల కరువు లేదు. మోజు, మక్కువ, వ్యామోహం, చనువు, మమకారం... దేని రుచి దానిదే. యౌవనం వచ్చేసరికి వాటన్నిటినీ మరిచిపోయి, దేన్నయినా ప్రేమ అనేస్తాం. ఎన్నో తొందరపాటు నిర్ణయాలు అక్కడే పుడతాయని నా నమ్మకం.

[దృశ్యం: సాయంత్రం ప్రకాశం బ్యారేజీ. నీటి మీద ఎండ.]

ఈ బ్యారేజీ 1957లో పూర్తయింది. 70 గేట్ల బరువైన కట్టడం. దీని మీద నడిచేవారి గుండె భయంతో కొట్టుకోదు. ఈ చిన్న విషయం గుర్తుంచుకోండి.

కెనడాలోని కాపిలానో నది మీద ఒక వేలాడే వంతెన ఉంది. నీటికి దాదాపు 70 మీటర్ల ఎత్తు. అడుగు వేస్తే ఊగుతుంది. డొనాల్డ్ డట్టన్, ఆర్థర్ ఆరన్ అనే మనస్తత్వ శాస్త్రవేత్తలు అక్కడ ఒక ప్రయోగం చేసి, 1974లో ఫలితాలు ప్రచురించారు. వంతెన మీదికి వచ్చిన మగవాళ్లను ఒక యువతి పలకరించి, కొన్ని ప్రశ్నలు అడిగి, తన ఫోను నంబరు ఇచ్చింది. ఊగే వంతెన మీద నంబరు తీసుకున్న 18 మందిలో 9 మంది తర్వాత ఫోను చేశారు. అక్కడికి ఎగువన తక్కువ ఎత్తులో ఉన్న గట్టి వంతెన మీద 16 మందిలో ఇద్దరే చేశారు. భయంతో కొట్టుకున్న గుండెను, ఎదుట ఉన్న మనిషి మీద ఇష్టంగా పొరబడ్డారని వాళ్ల వివరణ.

పరీక్షల ముందు రాత్రి, తుపాను రోజు, ఆసుపత్రి వరండాలో హఠాత్తుగా పుట్టిన ఇష్టాన్ని కొన్నాళ్లు ఆగి చూడమనేది అందుకే. వంతెన దిగాక కూడా ఉంటే అది మనిషి మీదిదే.

[దృశ్యం: గుంటూరు స్టేషన్. ఉదయపు ప్యాసింజర్ రైలు కదులుతోంది.]

నా సంగతి చెబుతాను. రెండేళ్లు రోజూ గుంటూరు నుంచి విజయవాడకు ఈ రైల్లోనే వెళ్లాను. ఎదురు సీట్లో ఎప్పుడూ ఒకే మనిషి. మొదట చిరునవ్వు, తర్వాత పేపరు ఇచ్చిపుచ్చుకోవడం, మంగళగిరి దాటేలోపు పెద్ద చర్చ. పదేపదే కనిపించినదాని మీద మనకు ఇష్టం పెరుగుతుందని మనస్తత్వ శాస్త్రవేత్త రాబర్ట్ జాయెన్స్ 1968లోనే చూపారు. నాకు అదంతా తెలియదు. ప్రేమ అనుకున్నాను, చెప్పేశాను. నెల రోజులు ఆ సీటు ఖాళీగా ఉంది.

ఆ నెలలోనే నిజం తెలిసింది. ఆ చెయ్యి పట్టుకోవాలని నాకు ఎన్నడూ అనిపించలేదు. కలిసి కాపురం ఊహించుకోలేదు. చదివిన పుస్తకం గురించి చెప్పుకోవడానికి ఎవరూ లేరన్నదే నా బాధ. నన్ను లాగింది ఆ ఆలోచన, ఆ మాట.

[దృశ్యం: భవానీ ద్వీపం వెనుక సూర్యాస్తమయం.]

కంటికి కలిగే ఇష్టం ఇలాంటిది. ఈ వెలుగును చూస్తాం, మూట కట్టుకోవాలనుకోం. అందమైన ముఖాన్ని కూడా అలాగే చూడవచ్చు. స్నేహితురాలి భుజం మీద తల వాల్చాలనే కోరికలో కామం ఉండనక్కరలేదు. ఇక నిద్రలోనూ అదే మనిషి, ఫోను మోగితే ఉలికిపాటు, జవాబు రాకపోతే ప్రాణం పోయినట్టు... ఈ స్థితిని మనస్తత్వ శాస్త్రవేత్త డొరతీ టెన్నోవ్ 1979లో వచ్చిన తన పుస్తకంలో లిమరెన్స్ అన్నారు. మన వ్యామోహానికి దగ్గరిది.

[దృశ్యం: రాత్రి. మేడ మీద ఒంటరిగా ఒక యువతి.]

ఈ భాగం దయచేసి చివరిదాకా వినండి. శరీర ఆకర్షణ, ప్రేమ ఎప్పుడూ జంటగా రావు. 2004లో ఆంథొనీ బోగార్ట్ ప్రచురించిన పరిశోధనలో, బ్రిటన్‌లో 18 వేలకు పైగా మంది ఇచ్చిన జవాబులను పరిశీలిస్తే, దాదాపు 1 శాతం మంది తమకు ఎవరి మీదా లైంగిక ఆకర్షణ కలగలేదన్నారు. ఇలాంటివారిని అలైంగికులు అంటారు. ఇది జబ్బు కాదు. వీరిలో చాలామంది గాఢంగా ప్రేమించగలరు. ఆకర్షణ ఎవరివైపు అన్నది వేరే ప్రశ్న. స్వలింగ ఆకర్షణ ఉన్న పెద్దలు ఇష్టపూర్వకంగా ఒకటి కావడం నేరం కాదని సుప్రీంకోర్టు 2018 సెప్టెంబరు 6న తీర్పు చెప్పింది. "పెళ్లయితే అన్నీ సర్దుకుంటాయి" అని ఇంట్లో ఒత్తిడి పెట్టేముందు, ఆ అమ్మాయి ఏ ఇష్టం లేదంటోందో ఒక్కసారి వినండి.

[దృశ్యం: మళ్లీ రైలు. ఎదురెదురు సీట్లు.]

నెల తర్వాత ఆ మనిషి తిరిగి వచ్చి నా ఎదురుగా కూర్చున్నారు. "నేను పొరబడ్డాను, నాకు మీ మాటలు కావాలి" అన్నాను. కాసేపు కిటికీలోంచి చూసి, సంచిలోంచి ఒక పుస్తకం తీసి నా చేతికిచ్చారు. కృష్ణా వంతెన వచ్చేసరికి మొదటి అధ్యాయం మీద వాదించుకుంటున్నాం.