లెక్క తప్పే చోటు

అందరికీ నమస్కారం.

ముందుగా మిమ్మల్ని ఒక బావి దగ్గరికి తీసుకువెళతాను. నేను రాస్తున్న ఫాంటసీ నవలలోని దిగుడుబావి అది. ఆ లోకంలో మంత్రం ఊరికే పలకదు. చదివినవాడి ఒంట్లోని వేడిని తీసుకుని పనిచేస్తుంది. దీపం వెలిగిస్తే వేలికొసలు చల్లబడతాయి. కూలిన గోడను నిలబెడితే రాత్రంతా వణుకు తగ్గదు. అందుకే అక్కడి మంత్రగాళ్లు నడివేసవిలోనూ కంబళి కప్పుకొని తిరుగుతారు. అయితే ఆ బావి ఏడో మెట్టు మీద నిలబడితే, ఎంత పెద్ద మంత్రం చదివినా ఒళ్లు చల్లబడదు.

తొలి ప్రతిలో దీన్ని 'బావి మహిమ' అని రాసి ముందుకు వెళ్లిపోయాను. అది చదివిన స్నేహితురాలు ఒకే ప్రశ్న అడిగింది: "మరి మంత్రగాళ్లందరూ ఆ మెట్టు మీదే కాపురం పెట్టలేదేం?" ఆ ప్రశ్న దగ్గర నవల ఆరు నెలలు ఆగింది. ఈ రోజు మీకు చెప్పబోయేదంతా ఆ ఆరు నెలల్లో నేర్చుకున్నదే.

కల్పిత లోకంలో వింతలు పుట్టించడం చాలా తేలిక. కొండ ఎగురుతుంది, చెట్టు మాట్లాడుతుంది, అద్దంలోంచి చెయ్యి బయటికి వస్తుంది. ఏదైనా జరగగల చోట పాఠకుడు దేనికీ ఉలిక్కిపడడు. నియమం ఎంత గట్టిదైతే, అది తప్పిన చోటు అంతగా వెన్నులో చలి పుట్టిస్తుంది. ఆ నియమాన్ని పేజీల కొద్దీ వివరించనక్కరలేదు. కంబళి చూపిస్తే చాలు.

ఇక కారణం మాటకు వస్తే, నాకు దారి చూపింది ఖగోళశాస్త్రం. 19వ శతాబ్దం మొదటి సగంలో యురేనస్ గ్రహం లెక్క ప్రకారం ఉండవలసిన చోట కనిపించడం లేదు. న్యూటన్ గురుత్వాకర్షణ సూత్రమే తప్పా, లేక కంటికి కనబడనిది ఏదైనా దాన్ని లాగుతోందా? ఫ్రెంచ్ శాస్త్రవేత్త లెవెరియర్ సూత్రాన్ని నమ్మాడు. కనబడని గ్రహం ఎక్కడ ఉండాలో కాగితం మీద లెక్కగట్టాడు. 1846 సెప్టెంబర్ 23 రాత్రి బెర్లిన్ వేధశాలలో గాలే అనే శాస్త్రవేత్త అటువైపు వెతికితే, చెప్పిన చోటికి ఒక డిగ్రీ లోపే నెప్ట్యూన్ దొరికింది.

ఆ తరువాత జరిగింది నాకు ఇంకా ఇష్టం. బుధగ్రహం కక్ష్య తిరిగే తీరులోనూ లెక్కకు రాని తేడా ఉందని అదే లెవెరియర్ 1859లో చూపించాడు. అది వందేళ్లకు 43 ఆర్క్ సెకన్లని తరువాత తేలింది. ఒక డిగ్రీలో సుమారు 84వ వంతు! అంత చిన్న తేడాను పట్టుకుని వదలని మనుషులంటే నాకు ఎనలేని గౌరవం. ఈసారి కూడా కనబడని గ్రహమే కారణమన్నాడు లెవెరియర్. దానికి వల్కన్ అని పేరు కూడా పెట్టారు. దశాబ్దాల పాటు వెతికారు. అలాంటి గ్రహం లేదు. 1915లో ఐన్‌స్టీన్ సాధారణ సాపేక్ష సిద్ధాంతంతో ఆ 43 ఆర్క్ సెకన్లకూ లెక్క సరిపోయింది. గురుత్వాకర్షణను అర్థం చేసుకునే పద్ధతే మారిపోయింది.

బయటి నుంచి చూస్తే రెండూ ఒకే రకం వింతలు. ఒకదాని వెనక దాగిన వస్తువు ఉంది, రెండోదాని వెనక చాలని సూత్రం ఉంది. మీ లోకంలోని వింత ఏ కోవలోనిదో మీకు ముందే తెలిసి ఉండాలి. పాత్రలకు తెలియకపోవచ్చు, పాఠకుడికి చివరిదాకా చెప్పకపోవచ్చు. మీకు తెలియకపోతే మాత్రం అది వాక్యంలో తెలిసిపోతుంది.

కాలిఫోర్నియాలోని డెత్ వ్యాలీలో ఎండిన సరస్సు అడుగున రాళ్లు వాటంతటవే జరిగి పొడవైన జాడలు మిగిల్చేవి. అవి జరుగుతుండగా చాలాకాలం ఎవరూ చూడలేదు. 2013 డిసెంబర్‌లో పరిశోధకులు కళ్లారా చూశారు. పలుచటి మంచు పలకలు కరిగి విరుగుతూ, తేలికపాటి గాలికి రాళ్లను నెట్టుకుపోతున్నాయి. కారణం తెలిశాక కూడా ఆ జాడల ఫోటో చూస్తే నాకు ఒళ్లు జలదరిస్తుంది.

బావి దగ్గరికి తిరిగి వస్తాను. నా వింత నెప్ట్యూన్ కోవలోనిది. నియమం ఎక్కడా తప్పలేదు. మెట్టు మీద నిలబడినవాడు చెల్లించని వేడిని ఇంకెవరో చెల్లిస్తున్నారు. పన్నెండు కోసుల అవతల ఒక చెరువు మండుటెండలో గడ్డకడుతుంది. మంచు కింద చేపలు తెల్లటి పొట్టలు పైకి పెట్టి తేలుతాయి. ఆ ఊరికీ ఈ ఊరికీ రాకపోకలు లేవు. మెట్టు దగ్గర కాపలావాడు ఎవరు ఏ రోజు దిగారో పద్దు రాస్తాడు. చెరువు దగ్గర జాలరి కూతురు, గడ్డకట్టిన ప్రతి రోజుకూ వల తాడుకు ఒక ముడి వేస్తుంది. స్నేహితురాలి ప్రశ్నకు కూడా జవాబు దొరికింది. మెట్టు మీద కాపురం ఎందుకు పెట్టలేదంటే, రాజు దాన్ని తన మంత్రగాళ్లకే అట్టిపెట్టాడు కాబట్టి.

ఒక రోజు ఆ అమ్మాయి తాడు భుజాన వేసుకుని బావి దగ్గరికి వస్తుంది. ముసలి మంత్రగాడు ఏడో మెట్టు మీద కూర్చుని ఉంటాడు. ఎన్నో ఏళ్ల తరువాత ఒళ్లు వెచ్చగా ఉంది, కంబళి మడిచి పక్కన పెట్టుకున్నాడు. ఆమె ఒక్కో ముడీ వేళ్లతో తడుముతూ రోజులు చెబుతుంది. కాపలావాడు పద్దులో వెతుకుతాడు. ఒకటి తరువాత ఒకటి అన్నీ కలుస్తున్నాయి. సగం ముడులైనా పూర్తికాకముందే ముసలివాడు లేచి మెట్టెక్కి కంబళి కప్పుకుంటాడు.

అక్కడితో నవల పూర్తయిందనే అనుకున్నాను. కానీ రాస్తూ రాస్తూ ఆ తాడుకు, పద్దులో లేని రెండు ముడులు ఎక్కువ వేశాను. ఆ రెండు రోజులూ మెట్టు మీదికి ఎవరూ దిగలేదు, అయినా చెరువు గడ్డకట్టింది. రెండో భాగం ఆ రెండు ముడుల నుంచే మొదలుపెట్టాను.