నాలుగు మేకుల మీద పందెం: చెక్క కారుపై శ్రోతల ప్రశ్నలు

ప్రయోక్త: శ్రోతలకు నమస్కారం. ఇవాళ్టి విషయం వాలు బల్ల మీద నుంచి వదిలే చిన్న చెక్క కారు. మోటారు ఉండదు, బ్యాటరీ ఉండదు, చేత్తో తోయడం కూడా ఉండదు. బరంపురంలో చాలా ఏళ్లు పిల్లలకు వడ్రంగం నేర్పిన మాస్టారు మనతో ఉన్నారు. మాస్టారూ, ఈ ఆట మనది కాదు కదా?

మాస్టారు: కాదమ్మా, అమెరికాది. 1953లో కాలిఫోర్నియాలోని మాన్‌హాటన్ బీచ్‌లో డాన్ మర్ఫీ అనే ఆయన మొదలుపెట్టాడు. అక్కడ పిల్లలు స్వయంగా కూర్చుని వాలు మీద నడిపే బండ్ల పందెం ముందే ఉంది. ఆయన కొడుక్కి అందులో చేరే వయసు రాలేదు. ఆ పిల్లవాడి కోసం పందేన్నే చిన్నది చేశాడు. పైన్ చెక్క దిమ్మ, నాలుగు ప్లాస్టిక్ చక్రాలు, ఇరుసులుగా నాలుగు మేకులు. దిమ్మ పొడవు ఏడు అంగుళాలు, వెడల్పు అంగుళం ముప్పావు, మందం అంగుళంపావు. తయారైన కారు ఐదు ఔన్సులు దాటకూడదు, అంటే మన లెక్కలో సుమారు 142 గ్రాములు. మన పిల్లలూ తాటికాయల బండి తోసుకుంటూ వీధులన్నీ తిరిగినవాళ్లే. అయితే దాన్ని కర్రతో సర్దుకుంటూ పోవచ్చు. దీన్ని ఒకసారి వదిలాక చెయ్యి తగలకూడదు. మనం చేసిన తప్పు ఎక్కడున్నా అక్కడ బయటపడుతుంది.

ప్రయోక్త: మొదటి ఫోను. హలో, ఎక్కడి నుంచి మాట్లాడుతున్నారు?

శ్రోత (రాయగడ): రాయగడ నుంచండీ. నమస్కారం మాస్టారూ. మా అబ్బాయికి తొమ్మిదేళ్లు. బడిలో పందెం పెట్టారు, కొలతలు మీరు చెప్పినవే. ఇక్కడ పైన్ దొరకలేదు. ఇంట్లో పాత గుమ్మం తాలూకు టేకు ముక్క ఉంది. బరువుగా ఉంటే వేగంగా వెళ్తుంది కదా, దాన్నే వాడదామనుకుంటున్నాం.

మాస్టారు: ఆ ముక్కను ఇంకో పనికి దాచుకోండి బాబూ. లెక్క చూద్దాం. దిమ్మ పరిమాణం 250 ఘనపు సెంటీమీటర్లు. ఎండిన టేకు ఘనపు సెంటీమీటరుకు 0.65 గ్రాములు తూగినా 160 గ్రాములు దాటిపోయింది. చక్రాలు పెట్టకముందే పందెం నుంచి అవతలికి వెళ్లిపోయారు. సాలువ కర్ర అయితే 200 గ్రాములు కూడా దాటుతుంది.

శ్రోత (రాయగడ): చెక్కి తగ్గించుకోవచ్చు కదండీ?

మాస్టారు: చెక్కవచ్చు. కానీ అప్పుడు బరువంతా కారు పొడవునా పరుచుకుని ఉంటుంది, మీ చేతిలో ఉండదు. మనకు కావలసింది తేలిక చెక్క. దాన్ని పలచగా చెక్కి, మిగిలిన బరువును మనకు నచ్చిన చోట పెట్టుకోవాలి. గుమ్మడి టేకు అడగండి. మీ దగ్గర ఒడియా వడ్రంగులు గంభారి అంటారు. తేలిక, పిల్లల చేతికి లొంగుతుంది, పగలదు. అదీ లేకపోతే యంత్రాలు వచ్చే పెట్టెల చెక్క చూడండి, అందులో చాలావరకు పైనే ఉంటుంది.

శ్రోత (రాయగడ): ఒక సందేహం. బరువైనా తేలికైనా ఒకే వేగంతో పడతాయని గెలీలియో చెప్పాడని మా వాడి పుస్తకంలో ఉంది. మరి ఈ బరువు గొడవ ఎందుకు?

మాస్టారు: మీవాడు అడిగాడా, మీరు అడుగుతున్నారా?

శ్రోత (రాయగడ): వాడే, పక్కనే ఉన్నాడు.

మాస్టారు: సెబాష్ నాయనా, విను. గాలి అడ్డు లేకుండా, తిరిగే చక్రాలు లేకుండా జారితే గెలీలియో మాటే మాట. ఇక్కడ రెండు పన్నులు కట్టాలి. ఒకటి గాలికి, ఒకటి చక్రాలు తిరగడానికి. కారు బరువైనంత మాత్రాన ఈ రెండూ పెరగవు. అందుకని 142 గ్రాముల కారుకు తగిలే నష్టం వంద గ్రాముల కారుకు తగిలే నష్టం కంటే వాటాలో తక్కువ. ఇరుసు దగ్గరి రాపిడి మాత్రం బరువుతో పాటే పెరుగుతుంది, దాని సంగతి వేరే చూసుకోవాలి.

ఇప్పుడు అసలు కిటుకు. కారు వాలు మీద నిలబడి ఉన్నప్పుడు వెనక భాగం పైకి ఉంటుంది కదా. బరువు వెనక పెడితే గరిమనాభి, అంటే కారు బరువంతా తూగే చోటు, ఇంకాస్త ఎత్తున ఉంటుంది. వాలు ముప్పై డిగ్రీలు అనుకో. బరువును రెండు అంగుళాలు వెనక్కి జరిపితే ఒక అంగుళం ఎత్తు కలిసివచ్చినట్టే. నాలుగు అడుగుల ఎత్తు నుంచి దిగితే, ఏ నష్టమూ లేదనుకుంటే, కింద వేగం సెకనుకు దాదాపు 4.9 మీటర్లు. ఆ ఒక్క అంగుళం వల్ల వేగం సుమారు వందో వంతు పెరుగుతుంది. ఇంతేనా అనుకోకు. కింద సమతలం మీద ఆరు మీటర్లు పోయేసరికి ఆరు సెంటీమీటర్లు ముందుంటావు. పక్క కారు కంటే ముక్కు ముందుంటే చాలు కదా.

శ్రోత (రాయగడ): అయితే బరువంతా చివర్న పెట్టేయమంటారా?

మాస్టారు: అదీ కుదరదు. మరీ వెనక్కి పోతే ముందు చక్రాలకు పట్టు ఉండదు, కారు ఊగులాడుతుంది. కొలబద్దను అంచు మీద నిలబెట్టి దానిపై కారును అడ్డంగా ఉంచండి. ఎక్కడ తూగి నిలుస్తుందో అది గరిమనాభి. వెనక ఇరుసుకు అంగుళం ముందు ఉంటే మంచిది.

ప్రయోక్త: తరువాతి ఫోను పర్లాకిమిడి నుంచి. చెప్పండి.

శ్రోత (పర్లాకిమిడి): మాస్టారూ, మా కారు తయారైపోయింది. ఆకారం పులి మొహంలా వచ్చింది, మా అమ్మాయి స్వయంగా చెక్కింది. బరువు కూడా వెనకే పెట్టాం. కానీ నేల మీద వదిలితే ఎడమ పక్కకు తిరిగిపోతోంది.

మాస్టారు: ఇరుసుల రంధ్రాలు ఎప్పుడు వేశారు? చెక్కక ముందా, తరువాతా?

శ్రోత (పర్లాకిమిడి): తరువాతనండి. కంటి అంచనాతో బర్మా పట్టి.

మాస్టారు: సరే. ఈ సంగతి అందరూ వినాలి. ఆకారం వల్ల గెలవడం తక్కువ. పులి మొహం పెట్టినా చేప తోక పెట్టినా ఇంత చిన్న పందెంలో గాలి వల్ల వచ్చే తేడా స్వల్పమే, ఇరుసు వంకర తిరిగితే జరిగే నష్టం దానికి ఎన్నో రెట్లు. అందుకే ఆకారం పిల్లలకు పూర్తిగా వదిలేయమంటాను. రంధ్రాలు మాత్రం దిమ్మ దీర్ఘచతురస్రంగా, అంచులు తిన్నగా ఉన్నప్పుడే వేయాలి. మూలమట్టం పెట్టి రెండు పక్కలా గీత గీసి, బర్మాను నిటారుగా దించాలి. దిమ్మను చెక్కేశాక మూలమట్టం ఆనించడానికి చోటే ఉండదు.

శ్రోత (పర్లాకిమిడి): ఇప్పుడు మళ్లీ మొదలుపెట్టాలా? పిల్ల ఒప్పుకోదండీ.

మాస్టారు: అక్కర్లేదు, పులిని కాపాడుకుందాం. ముందు మేకులు బయటికి తీయండి. తల కింద వేలితో తడిమితే రెండు చిన్న గట్లు తగులుతాయి, మేకుకు తల కొట్టేటప్పుడు తీగను పట్టుకున్న అచ్చు గుర్తులు. చక్రం తిరిగినంతసేపూ అవి గీకుతూనే ఉంటాయి. సన్న ఆకురాయితో వాటిని తీసేయండి. తరువాత మేకును డ్రిల్లు యంత్రానికి బిగించి, తిరుగుతుండగా తడిపిన ఎమెరీ కాగితం ఆనించండి. 400 నంబరుతో మొదలుపెట్టి 1000 దాకా వెళ్లండి. మేకులో కిటికీ కనిపించాలి.

శ్రోత (పర్లాకిమిడి): కిటికీయా?

మాస్టారు: నిజంగానే. గదిలో కిటికీ ఉంటే దాని వెలుతురు గీతలా మేకు మీద మెరవాలి. ఆ యంత్రం మీరు పట్టుకోండి, పిల్ల చేతికి ఇవ్వకండి. చేతి గాజులు, దుపట్టా దూరంగా ఉంచండి.

ఇక ఎడమ తిరుగుడు. ముందు చక్రాల మేకుల్లో ఒకదాన్ని తల దగ్గర వెంట్రుకవాసి వంచండి. దాన్ని రంధ్రంలో పెట్టి పట్టకారుతో కొద్దికొద్దిగా తిప్పుతూ ప్రతిసారీ కారును వదిలి చూడండి. మేకు తిరిగేకొద్దీ కారు దారి మారుతుంది. నున్నటి గచ్చు మీద ఎనిమిది అడుగులు తిన్నగా పోతే అక్కడ ఆపి, వెనక నుంచి చుక్క జిగురు వేయండి. చక్రానికీ చెక్కకూ మధ్య పోస్టుకార్డు పట్టేంత సందు ఉండాలి.

ఇంకొకటి ఉంది. రెండో ముందు చక్రాన్ని ఒక మిల్లీమీటరు పైకి లేపేయండి, నేలకు తగలకూడదు.

శ్రోత (పర్లాకిమిడి): మూడు చక్రాల మీద నడపడం మోసం కాదా మాస్టారూ?

మాస్టారు: నాలుగు చక్రాలూ నేలకు ఆనాలని మీ బడి నియమం ఉంటే మోసమే, చేయవద్దు. లేకపోతే తెలివి. తిరగని చక్రాన్ని తిప్పే పని కారుకు తప్పుతుంది. ముందుగా టీచరుగారిని అడిగేయండి. గెలిచాక తగువు పెట్టుకోవడం బాగుండదు.

ప్రయోక్త: గుణుపురం నుంచి ఒకరు చాలాసేపటి నుంచి లైనులో ఉన్నారు.

శ్రోత (గుణుపురం): ఒక్కటే ప్రశ్న. ఇరుసులకు కొబ్బరినూనె రాయవచ్చా?

మాస్టారు: వద్దు. మీవైపు కొండగాలికి చలికాలం పొద్దున్నే సీసాలో గడ్డకట్టేది ఇరుసులోనూ గడ్డకడుతుంది. వేసవిలో దుమ్ము పడుతుంది. గ్రాఫైట్ పొడి వేయండి. తాళాల్లో వేసేది ఇనుప సామాన్ల దుకాణంలో దొరుకుతుంది. పెన్సిలు ముల్లు నూరితే రాదు, అందులో బంకమట్టి కూడా ఉంటుంది.

ప్రయోక్త: జయపురం నుంచి ఒక తల్లి. చెప్పండమ్మా.

శ్రోత (జయపురం): నమస్కారమండి. మావారు కారు చేస్తున్నారు, మా బాబు చూస్తున్నాడు. రంపం వాడికి ఇవ్వరు. ఇదేనా కలిసి చేయడం అంటే? ఇంకొకటి, బరువు కోసం వల గుండ్లు తెచ్చారు. అవి సీసం కదా అని నా భయం.

మాస్టారు: మీ భయం సరైనదే, ముందు దాని సంగతి. సీసం నీళ్ల కంటే పదకొండు రెట్లు బరువు, చిన్న గుంటలో ఒదుగుతుంది, అందుకే అందరూ దాని వెంట పడతారు. కానీ అది విషం, పిల్లల మెదడుకు హాని చేస్తుంది. మీ ఇంట్లో దాన్ని కరిగించకూడదు, ఆకురాయితో రాయకూడదు, బాబు ముట్టకూడదు. నన్నడిగితే అసలు వద్దనే అంటాను. ఇనుప నట్లు, వాషర్లు చాలు. ఇనుము ఎనిమిది రెట్లకు దగ్గర, గుంట కాస్త పెద్దది తవ్వాలి, అంతే. దాని మీద చెక్కపొడి, జిగురు కలిపి పూడ్చేయండి.

ఇక మీవారు వింటున్నారా?

శ్రోత (జయపురం): పక్క గదిలో ఉన్నారు, వింటున్నారు.

మాస్టారు: అయ్యా, కారు ఎవరిదో ముందు తేల్చుకోండి. దిమ్మను బల్లకు క్లాంపుతో బిగించి, రంపం మొదటి గాటు మీరు పెట్టి ఇచ్చేయండి. రెండు చేతులూ పిడి మీదే ఉంటే కోసుకునే అవకాశం తక్కువ. గీత దాటి వంకరపోతుంది, పోనివ్వండి. ఆకురాయి, గరుకు కాగితం పూర్తిగా వాడివే. ఉలి మాత్రం పన్నెండేళ్లు వచ్చేదాకా ఇవ్వను, అది నా పట్టింపు. రంధ్రాలు, డ్రిల్లు మీవి. అద్దంలా మెరిసిపోయే కారు తెచ్చిన పిల్లవాడిని ఇరుసు ఎక్కడుందని అడిగితే నాన్న మొహం చూసిన సందర్భాలు బడిలో నాకు బాగా తెలుసు.

శ్రోత (జయపురం): రంపం ఇప్పుడే ఇస్తున్నారండి.

ప్రయోక్త: మల్కన్‌గిరి నుంచి ఒక ఉపాధ్యాయుడు వాలు బల్ల ఎలా కట్టాలని అడుగుతున్నారు. లైను సరిగా లేదు, మీరు చెప్పేయండి మాస్టారూ.

మాస్టారు: ఎనిమిది అడుగుల ప్లైవుడ్ పలకలను నిలువుగా కోసి ఒకదానికొకటి అతకండి. ఒక్కో దారి మధ్యలో అంగుళంన్నర పైచిలుకు వెడల్పు, పావు అంగుళం ఎత్తు ఉన్న బద్దె కొట్టండి. చక్రాలు దానికి రెండు పక్కలా నడుస్తాయి. కారు పొట్ట బద్దెకు తగలకుండా ఎత్తు చూసుకోవాలి. వాలు నేలను కలిసే చోట కోణం ఉండకూడదు, ప్లైవుడ్‌ను వంచి ఒంపుగా దించాలి. లేకపోతే ప్రతి కారూ అక్కడ ముక్కు గుద్దుకుంటుంది. దారులన్నీ ఒక్కలా రావు, అందుకని ప్రతి కారునూ ప్రతి దారిలో ఒకసారి పరిగెత్తించి అప్పుడు లెక్క చూడండి. బరువు తూచడానికి కిరాణా కాటా చాలదు. కంసాలి దుకాణంలో అడిగితే కాదనరు.

ప్రయోక్త: చివరి ఫోను. ఎవరమ్మా?

శ్రోత (బరంపురం): తాతగారూ, నేను నాలుగో తరగతి. ఏ రంగు వేస్తే నా కారు వేగంగా వెళ్తుంది?

మాస్టారు: ఏ రంగు ఇష్టం తల్లీ?

శ్రోత (బరంపురం): ఎరుపు. మా అన్నయ్య నలుపు వేయమంటున్నాడు.

మాస్టారు: ఎరుపే వేయి. రంధ్రాల్లోకి పోకుండా ముందు అగ్గిపుల్లలు గుచ్చు. రంగుకూ బరువు ఉంటుంది, కాబట్టి ఆరిన తరువాతే తూచమని నాన్నగారికి చెప్పు. రెండు రోజులు ఆరనివ్వాలి. అంతవరకు అన్నయ్యను ముట్టుకోనివ్వకు.