బొమ్మలేసే కల్నల్

బ్రూక్లిన్, ఫుల్టన్ స్ట్రీట్, 252 నంబరు బిల్డింగ్. 1953 చివర్లో ఎమిల్ గోల్డ్‌ఫస్ అనే యాభై ఏళ్ల మనిషి అక్కడ స్టూడియో అద్దెకు తీసుకున్నాడు. ఫొటోలు కడిగే పని చేసి మానేశాననీ, ఇక బొమ్మలు వేసుకుంటాననీ చెప్పుకున్నాడు. అసలు పేరు విలియం ఫిషర్. ఇంగ్లండ్‌లో పుట్టిన సోవియట్ గూఢచారి, హోదా కల్నల్.

గోల్డ్‌ఫస్ ఊహించి పెట్టిన పేరు కాదు. 1902లో న్యూయార్క్‌లో పుట్టి, ఏడాది దాటగానే పోయిన పసివాడిది. 1948లో ఫిషర్ అమెరికాకి వచ్చింది మాత్రం ఆండ్రూ కయోటిస్ అనే ఇంకో చనిపోయిన మనిషి పాస్‌పోర్టుతో.

మరి చిత్రకారుడి వేషమే ఎందుకు? కెమెరాలు, లెన్సులు, కెమికల్స్, అర్ధరాత్రి దాకా లైటు... పెయింటర్ గదిలో ఇవి ఉంటే ఎవరూ అడగరు. పై అధికారి ఉండడు, జీతం లెక్కలుండవు. చిక్కల్లా ఒకటే: పక్క గదుల్లో ఉన్నది నిజమైన పెయింటర్లు. బ్రష్ పట్టడం రాకపోతే వాళ్లు ఇట్టే పసిగడతారు. అందుకే ఆయన కూర్చుని నేర్చుకున్నాడు, ఆయిల్ పెయింటింగ్‌లు వేశాడు, వాళ్లతో గంటల తరబడి కళ గురించి వాదించాడు. ఆ వేషానికి అసలు బలం అదే, పాస్‌పోర్టు కాదు.

ఇప్పుడు సందేశాలు. ఫిషర్ గూఢచారి ముఠా వాడిన ఐదు సెంట్ల నాణెం ఒకటి చూడండి. బొమ్మ వైపు ఒక నాణెం నుంచి, వెనక వైపు ఇంకో నాణెం నుంచి తీసి, లోపల తొలిచి, డబ్బీలా బిగించారు. నాణెం మీద ఉండే 'ఇన్ గాడ్ వుయ్ ట్రస్ట్'లో ట్రస్ట్ అన్న మాటలో ఆర్ అక్షరం దగ్గర సన్నటి రంధ్రం. సూది గుచ్చితే తెరుచుకుంటుంది. లోపల పది నిలువు వరుసల అంకెలున్న మైక్రోఫిల్మ్. 1953 జూన్‌లో అది పేపర్లు వేసే కుర్రాడి చేతికి చిల్లరగా వచ్చి, కిందపడి విడిపోయింది. అయినా ఆ సంకేతాన్ని ఎఫ్‌బీఐ నాలుగేళ్లు ఛేదించలేకపోయింది!

దెబ్బ కొట్టింది సహాయకుడు రైనో హేహానెన్. తాగుడుకి బానిస. 1957లో మాస్కోకి వెనక్కి రమ్మంటే, పారిస్‌లో అమెరికన్లకి లొంగిపోయాడు. ఫిషర్ అతనికి ఇంటి అడ్రసు ఎప్పుడూ చెప్పలేదు. కానీ ఫొటో సామాను ఉంచే గదికి ఒకసారి తీసుకెళ్లాడు. ఆ ఒక్క సడలింపు చాలు. హేహానెన్ ఆ వీధులు గుర్తుపెట్టుకుని చెప్పాడు, ఎఫ్‌బీఐ స్టూడియో దాకా వచ్చేసింది.

జూన్ 21న పట్టుబడ్డాక ఫిషర్ తన పేరు రుడాల్ఫ్ ఏబెల్ అన్నాడు. అది చనిపోయిన సహోద్యోగి పేరు. పేపర్లో ఆ పేరు కనపడితే మాస్కోకి రెండు సంగతులు తెలుస్తాయి: మనవాడు దొరికాడు, నోరు విప్పలేదు. 30 ఏళ్ల శిక్ష, 1962 ఫిబ్రవరి 10న బెర్లిన్ శివార్లలోని గ్లీనికె వంతెన మీద, సోవియట్లకి చిక్కిన అమెరికన్ గూఢచారి విమాన పైలట్ పవర్స్‌తో మార్పిడి, అన్నీ ఆ పేరు మీదే జరిగాయి. ఫిషర్ అన్న మాట కోర్టులో ఒక్కసారి కూడా వినపడలేదు.