ఆరు నెలల ఊరటకు పదిహేను వాయిదాల మూల్యం

నమస్కారం. కరోనా లాక్‌డౌన్ వేళ, 2020 మార్చి 27న అప్పటి రిజర్వు బ్యాంకు గవర్నర్ శక్తికాంత దాస్ ప్రకటించిన మారటోరియం, అంటే రుణ వాయిదాలను కొన్ని నెలలు ఆపుకునే వెసులుబాటు, గృహ రుణగ్రహీతలను ఆదుకోవడానికి వచ్చిందని ఇప్పటికీ చెబుతున్నారు. నా అభిప్రాయం పూర్తిగా వేరు. అది బ్యాంకుల ఖాతా పుస్తకాలను కాపాడడానికి వచ్చింది, దాని ఖర్చును మాత్రం ఇల్లు కొనుక్కున్న మధ్యతరగతి కుటుంబం భరించింది. ఎందుకు ఇంత గట్టిగా అంటున్నానో లెక్క వేసి చూపిస్తాను, కాగితం, కలం దగ్గర పెట్టుకోండి.

ఒక కుటుంబానికి ముప్పై లక్షల గృహ రుణం మిగిలి ఉంది, వడ్డీ ఎనిమిది శాతం, తీర్చవలసిన గడువు ఇంకా పదిహేనేళ్లు, అంటే 180 వాయిదాలు అనుకుందాం. నెలకు ఈఎంఐ సుమారు 28,670 రూపాయలు. అందులో మొదటి నెల వడ్డీకే 20,000 పోతుంది, అసలు తగ్గేది 8,670 మాత్రమే. లాక్‌డౌన్‌లో జీతం ఆగిపోయి ఆ కుటుంబం మార్చి నుంచి ఆగస్టు వరకు ఆరు నెలలూ వాయిదా కట్టలేదు. కట్టని ప్రతి నెలా ఆ వడ్డీ అసలులో కలిసింది, పెరిగిన అసలు మీద మరుసటి నెల మళ్లీ వడ్డీ పడింది. ఆరు నెలలు గడిచేసరికి ముప్పై లక్షల బాకీ 31,22,018 రూపాయలు అయింది. సెప్టెంబరులో పాత ఈఎంఐనే మళ్లీ మొదలుపెడితే, ఆ బాకీ తీరడానికి 180 కాదు, దాదాపు 195 వాయిదాలు కట్టాలి. ఆరు వాయిదాలు ఆపినందుకు పదిహేను వాయిదాలు అదనం. అక్షరాలా నాలుగు లక్షల రూపాయలకు పైమాట!

ఈ సంగతి బ్యాంకులకు తెలియక కాదు. మొదటి మూడు నెలల మారటోరియం వచ్చినప్పుడు స్టేట్ బ్యాంకే ఇలాంటి ముప్పై లక్షల, పదిహేనేళ్ల రుణాన్ని ఉదాహరణగా తీసుకుని, అదనపు వడ్డీ సుమారు 2.34 లక్షలు, అంటే ఎనిమిది ఈఎంఐలతో సమానమని ఖాతాదారులకు చెప్పింది. అయినా మే నెలలో గడువును మరో మూడు నెలలు పొడిగించినప్పుడు దాన్ని జనం మీద దయగానే ప్రచారం చేశారు.

మరి ఎవరికి మేలు జరిగింది? తొంభై రోజులు వాయిదా రాకపోతే ఆ రుణాన్ని నిరర్థక ఆస్తిగా రాసుకోవాలి, దానికి బ్యాంకు తన లాభంలోంచి ఎక్కువ సొమ్ము పక్కన పెట్టాలి. మారటోరియం కాలాన్ని ఆ తొంభై రోజుల లెక్కలోంచి తీసేశారు. దాంతో కట్టలేని రుణం కూడా పుస్తకంలో మంచి రుణంగానే నిలిచింది, పైగా దాని మీద వడ్డీ పెరుగుతూ పోయింది. రుణగ్రహీతకు సర్ఫేసీ నోటీసు, అంటే బాకీ కట్టకపోతే తాకట్టు ఇంటిని స్వాధీనం చేసుకుంటామనే నోటీసు, ఆ ఆరు నెలలు రాకపోవడం నిజమే, కానీ ఆ మినహాయింపునకు అతను పూర్తి ధర చెల్లించాడు.

ఆగ్రాకు చెందిన ఒక కళ్లద్దాల వ్యాపారి సుప్రీంకోర్టుకు వెళ్లబట్టి ఈ విషయం అందరి ముందుకు వచ్చింది. వడ్డీ మొత్తం వదులుకుంటే బ్యాంకులకు రెండు లక్షల కోట్లు నష్టమని రిజర్వు బ్యాంకు కోర్టుకు చెప్పింది. చివరికి 2020 అక్టోబరు 23న కేంద్రం ఇచ్చిందేమిటంటే, రెండు కోట్ల లోపు రుణాలకు ఆ ఆరు నెలల చక్రవడ్డీకి, బారువడ్డీకి మధ్య ఉన్న తేడా. మన కుటుంబానికి ఆ తేడా ఎంతో చూడండి: 2,018 రూపాయలు. మిగిలిన 1,20,000 వడ్డీ అసలులోనే ఉండిపోయింది. ఆ కాస్త సొమ్మును కూడా వాయిదాలు సక్రమంగా కట్టగలిగినవారికీ, ఉద్యోగం పోయి కట్టలేకపోయినవారికీ ఒకే కొలతతో పంచారు. కష్టంలో ఉన్నవారిని వెతికి ఇవ్వని సాయాన్ని ఊరట అని ఎలా పిలుస్తాం? 2021 మార్చి 23న జస్టిస్ అశోక్ భూషణ్, మన మెదక్ జిల్లాకు చెందిన జస్టిస్ ఆర్. సుభాష్ రెడ్డి, జస్టిస్ ఎం.ఆర్. షా ధర్మాసనం రెండు కోట్ల పరిమితిని తొలగించి చక్రవడ్డీని అందరికీ రద్దు చేసింది, కానీ వడ్డీ మొత్తాన్ని మాఫీ చేయడానికి ఒప్పుకోలేదు.

బ్యాంకులు రుణాల మీద వడ్డీ వదులుకుంటే డిపాజిటర్లకు వడ్డీ ఎవరిస్తారని మీలో కొందరు అడుగుతారు. ప్రభుత్వం ఇవ్వాలి, అదే నా సమాధానం. సరిగ్గా అదే 2020 మార్చి 27న అమెరికాలో కరోనా సాయం కోసం తెచ్చిన కేర్స్ చట్టం మీద సంతకం జరిగింది. ఫెడరల్ ప్రభుత్వ అండ ఉన్న గృహ రుణాలకు 180 రోజులు, కోరితే మరో 180 రోజులు వాయిదాలు ఆపుకోవచ్చని, సకాలంలో కట్టి ఉంటే పడే వడ్డీ తప్ప అదనపు వడ్డీ గానీ జరిమానా గానీ వేయకూడదని ఆ చట్టంలోనే రాశారు. 2021 మార్చిలో ఇళ్లు పోయే ప్రమాదంలో ఉన్నవారి బకాయిల కోసం దాదాపు 996 కోట్ల డాలర్ల నిధి కూడా కేటాయించారు. డల్లాస్‌లోనో న్యూజెర్సీలోనో ఇల్లు కొన్న మీ బంధువులను అడగండి, ఆపిన వాయిదాలను రుణం చివరికి, వాటి మీద వడ్డీ లేకుండా జరిపించుకున్నవారు కనిపిస్తారు. ఒకే రోజున ఒక దేశం రుణగ్రహీత పక్షాన చట్టం రాసింది, మన దేశం బ్యాంకు పక్షాన సర్క్యులర్ ఇచ్చింది.

నాకు అన్నిటికంటే కోపం తెప్పించే విషయం ఇంకొకటి ఉంది. తీవ్రమైన విపత్తు వచ్చినప్పుడు రుణ చెల్లింపుల్లో ఊరటకు సిఫారసు చేసే అధికారం విపత్తు నిర్వహణ చట్టంలోని 13వ సెక్షన్ ఇచ్చేది. 2025 సవరణలో ఆ సెక్షన్‌నే తీసేశారు. 2024 జూలైలో కొండచరియలు విరిగిపడి సర్వస్వం కోల్పోయిన వయనాడ్ బాధితుల రుణాల గురించి కేరళ హైకోర్టు అడిగితే, ఆ సెక్షన్ ఇప్పుడు లేదని కేంద్రం చెప్పింది. రేపు బుడమేరు మళ్లీ పొంగి విజయవాడ సింగ్‌నగర్ నీట మునిగితే, అప్పు చేసి ఇల్లు కట్టుకున్నవారు ఏ చట్టం చూపించి అడగాలి?

మీరు ఆనాడు మారటోరియం తీసుకుని ఉంటే మీ రుణ ఖాతా స్టేట్‌మెంట్ తెరవండి. 2020 ఫిబ్రవరి చివరి బాకీ ఎంత, ఆగస్టు చివరి బాకీ ఎంత, గడువు ఎన్ని నెలలు పెరిగింది, నవంబరులో ఆ చక్రవడ్డీ తేడా సొమ్ము ఎంత జమ అయింది అనే నాలుగు అంకెలు కామెంట్లలో రాయండి. ఖాతా సంఖ్య, పేరు మాత్రం రాయకండి. వచ్చిన అంకెలన్నిటినీ తర్వాతి వీడియోలో చదివి వినిపిస్తాను.