ఆరు వారాల బతుకు

శ్రోతలకు నమస్కారం.

కోడి మామూలుగా అయిదారేళ్లు బతకగల ప్రాణి. షెడ్డులో పెంచే బ్రాయిలర్‌కు దక్కేది దాదాపు ఆరు వారాలు. ఆలోపే రెండు కిలోలు దాటుతుంది. ఇంజెక్షన్లు పొడిచి ఉబ్బిస్తారని చాలామంది అనుకుంటారు గానీ, అసలు సంగతి జాతిలోనే ఉంది. త్వరగా బరువెక్కే కోళ్లనే ఏరి, తరం తర్వాత తరం జతకట్టిస్తూ వచ్చారు. దాంతో తీరని ఆకలి పుట్టుకతోనే వస్తోంది. ఒళ్లు పెరిగినంత వేగంగా కాళ్లూ గుండే బలపడవు. చివరి వారంలో షెడ్డులోకి వెళ్తే చాలా కోళ్లు తడిసిన పొట్టు మీద చతికిలబడి కనిపిస్తాయి. లేచి నాలుగడుగులు వేసి మళ్లీ కూలబడతాయి. రెట్టల ఘాటుకు కళ్లు మండుతాయి, అరికాళ్లు పుండ్లు పడతాయి.

నన్ను అన్నిటికన్నా కలచివేసేది ఈ పిల్లల్ని కనే తల్లికోళ్ల సంగతి. గుడ్లు పెట్టాలి కాబట్టి అవి ఏడాదికి పైగా బతకాలి. కడుపునిండా తిననిస్తే ఒళ్లు విపరీతంగా పెరిగి, గుడ్లు తగ్గి, ముందే చచ్చిపోతాయి. అందుకని దాణా కొలిచి, బాగా తగ్గించి పెడతారు. ఎప్పుడూ ఆకలేసేలా మనమే పుట్టించి, ఎదిగే వయసంతా మనమే కడుపు మాడుస్తున్నాం. దీన్ని ఎవరో ఒక దుర్మార్గుడు చేయడం లేదు. గుడ్లు పొదిగించే హేచరీలో, షెడ్డులో, కంపెనీలో ఎవరి లెక్క వాళ్లు సరిగ్గా చూసుకుంటుంటే జరుగుతోంది. అందుకే తప్పు ఎవరిదని అడిగితే ఎవరూ పలకరు.

గుడ్ల కోసం పెంచే జాతిలో మగపిల్లలది ఇంకో కథ. అవి గుడ్డు పెట్టవు, మాంసానికి గిట్టుబాటు కావు. పుట్టిన రోజే చంపేస్తారు, ప్రపంచమంతా కలిపి ఏటా వందల కోట్ల పిల్లల్ని. జర్మనీ 2022 నుంచి దీన్ని నిషేధించింది. పిల్ల బయటికి రాకముందే, గుడ్డులోనే ఆడో మగో తేల్చే యంత్రాలు అక్కడ వాడుతున్నారు. అంతకు ముందే, 2012లో, యూరోపియన్ యూనియన్ గుడ్ల కోళ్లను ఇరుకు పంజరాల్లో కుక్కే పాత పద్ధతిని ఆపించింది. చట్టం గట్టిగా ఉంటే పరిశ్రమ దారి వెతుక్కుంటుందన్నమాట.

బ్రాయిలర్ విషయంలో మాత్రం పంజరం తీసేస్తే సరిపోదు, ఆ కోడికి తన ఒళ్లే పంజరం. నెమ్మదిగా పెరిగే జాతులు ఉన్నాయి. వాటికి కొన్ని వారాలు ఎక్కువ పడుతుంది, దాణా ఎక్కువ ఖర్చవుతుంది, మాంసం ధర పెరుగుతుంది. ఆ భారం ఒప్పందం మీద కోళ్లు పెంచే రైతు నెత్తిన పడేయడం అన్యాయం. కొనేవాళ్లం మనమే దాన్ని మోయాలి, మోయలేకపోతే మాంసం తగ్గించుకోవాలి.