కిటికీలోంచి పడిన చేతిరుమాలు

విద్యార్థులారా,

తిరుపతిలో పెరిగిన మీకు గుండు వింత కాదు. కల్యాణకట్టలో తలనీలాలు సమర్పించి, నున్నటి తలలకు గంధం పూసుకుని, తల్లీ తండ్రీ పిల్లలూ కొండ దిగి వస్తారు. గోవిందరాజస్వామి గుడి దగ్గర గాజులు బేరమాడతారు. అమ్మేవాడు వాళ్ల తలల వంక చూడనైనా చూడడు. అదే కుటుంబం సొంత ఊళ్లో దిగితే ఇరుగుపొరుగు వారు ప్రసాదం అడుగుతారు. మన ఆచారం తెలియని దేశంలో దిగితే, పాపం, ఈమెకు ఏం జబ్బు చేసిందోనని జాలిపడతారు.

ఆ తెలియనివాడి కళ్లు మనం కాసేపు అరువు తెచ్చుకోవాలి. 1956లో హొరేస్ మైనర్ అనే అమెరికా మానవశాస్త్రవేత్త 'నాసిరెమా' అనే జాతి గురించి ఒక వ్యాసం రాశాడు. వాళ్లు పంది వెంట్రుకల కట్టను, మంత్రపు పొడులను నోట్లో పెట్టుకుని రోజూ ఒక క్రతువు జరుపుతారని అందులో ఉంటుంది. అది పళ్లు తోముకోవడమే! ఆ జాతి పేరును ఇంగ్లిషు అక్షరాల్లో తిరగేసి చదివితే 'అమెరికన్' అని వస్తుంది.

మొన్న చిత్తూరు బస్సు కోసం నిలబడి నేనూ అలాగే చూడాలనుకున్నాను. బస్సు ఇంకా ఆగనే లేదు, ఒక పెద్దాయన కిటికీలోంచి సీటు మీదికి చేతిరుమాలు విసిరారు. తలుపు దగ్గర ఒకటే తోపులాట. మోచేతులతో అందరినీ నెట్టుకుంటూ ముందుగా ఎక్కిన యువకుడు ఆ సీటు దాకా వచ్చి ఆగాడు. రుమాలును చూశాడు. తాకకుండా వెనక వరుసకు వెళ్లిపోయాడు.

మనుషులకు దారి ఇవ్వనివాడు జానెడు గుడ్డకు ఇచ్చాడు. దాని యజమాని ఎవరో కూడా అతనికి తెలియదు. ఈ హక్కు ఏ టికెట్టు మీదా అచ్చయి ఉండదు, ఎవరూ పిల్లలకు కూర్చోబెట్టి నేర్పరు. రుమాలు పక్కకు తోసి కూర్చునేవాళ్లు లేకపోలేదు, గొడవలూ చూశాను. అయితే అలా కూర్చున్నవాడు కూడా "రుమాలు వేస్తే సీటు నీదైపోతుందా?" అనడం అరుదు. "నేను చూడలేదు" అంటాడు. కట్టుబాటును మీరినవాడు కూడా దాన్ని కాదనలేకపోతున్నాడు! దీన్ని నేను ఎంతో గౌరవంతో చెబుతున్నాను. ముక్కూమొహం తెలియని యాభై మంది ఒక్క మాటైనా అనుకోకుండా ఒక ఒప్పందం మీద నిలబడటం చిన్న విషయం కాదు.

అందరూ ఎక్కాక ఆ పెద్దాయన నెమ్మదిగా వచ్చారు. రుమాలు తీసి, దులిపి, మెడ మీది చెమట తుడుచుకుని కూర్చున్నారు.